రేవులో పక్కిల్లు

కోడలికి నోటి దురద. ఆ సంగతి ఇంట్లో అందరికీ తెలుసు, ఆఫీసులో అందరికీ తెలుసు, ఆమెకీ తెలుసు. తెలిసి కూడా, టీ దగ్గర డైరెక్టరు "ఆ పడవల గేమ్ మొదటి ముద్రణ క్యాసెట్ ఒక్కటంటే ఒక్కటి దొరికితే చాలమ్మా, మన ఆర్కైవ్ పంట పండినట్టే" అని నిట్టూరుస్తుంటే, నోరు మూసుకుని టీ తాగలేకపోయింది.

"మా అత్తగారు రోజూ ఆడేది అదే కదండీ," అనేసింది.

డైరెక్టరు కప్పు కింద పెట్టాడు.

"రోజూనా? ఇప్పటికీనా? ఆ పాత గేమ్ డబ్బా మీదేనా?"

"మధ్యాహ్నం భోజనం కాగానే కూర్చుంటుందండీ. ఆవిడకి కునుకు లేకపోయినా ఫర్వాలేదు గానీ అది లేకపోతే కుదరదు."

"తీసుకురా," అన్నాడాయన. తీసుకొస్తావా అని అడగలేదు. అప్పటికే ఆయన మనసులో ఆ క్యాసెట్ బీరువా ఎక్కేసింది. కోడలు నాలుక కరుచుకుంది గానీ, అన్న మాట వెనక్కి వస్తుందా?

పాత వీడియో గేములు మట్టిలో కలిసిపోకుండా కాపాడే చోటది. ఎవరెవరి అటకల మీంచో, పాత సామాన్ల కొట్లలోంచో క్యాసెట్లు అట్టపెట్టెల్లో వస్తాయి. ఒక్కోదాని లోపల ఉన్న ఆటని కంప్యూటర్లోకి కాపీ తీసి భద్రం చేస్తారు. దాన్ని నెట్‌లో పెడితే ఎవరైనా, ఎక్కడినుంచైనా ఆడుకోవచ్చు. ఆ కాపీలు తీసేది కోడలే. కిటికీ పక్క బల్ల ఆమెది. క్యాసెట్‌ని మెత్తటి బ్రష్‌తో దులపాలి. వెనకవైపు రెండు మరలుంటాయి, వాటికి మామూలు స్క్రూడ్రైవర్ పట్టదు, వేరే ఉంటుంది, దాంతో విప్పాలి. లోపలి పలక మీద బిళ్ళ బ్యాటరీ ఉంటే మొట్టమొదట దాన్ని పీకి పారేయాలి, ఎందుకంటే పాతబడిన బ్యాటరీ కారిందంటే పలకంతా తినేస్తుంది. ఆ తర్వాత డబ్బాలోకి దిగే పసుపుపచ్చ పళ్ళని రబ్బరుతో రుద్ది, స్పిరిట్ దూదితో తుడిచి, కాపీ యంత్రంలో గుచ్చాలి. జనం చేసినట్టు నోటితో ఊదకూడదు. ఊదితే తడి చేరి పళ్ళు తుప్పుపడతాయి.

బ్యాటరీ చేసే పని ఒక్కటే. ఆడినవాళ్ళు ఎక్కడ ఆపారో, ఏం కట్టారో, ఏ పేరు పెట్టారో, వాళ్ళ సేవ్ అంతా గుర్తుపెట్టుకోవడం. అది ఒక్క క్షణం ఊడినా ఆ గుర్తులన్నీ పోతాయి. ఆట మాత్రం చెక్కుచెదరదు. ఆర్కైవ్‌కి కావలసింది ఆటే కాబట్టి, పీకిన బ్యాటరీలు బల్ల మీది గాజు సీసాలో పడేవి. సీసా నిండితే ఎవరో వచ్చి తీసుకెళ్ళేవారు. వాటితోపాటు ఎంతమంది ఎన్నేళ్ళ ఆటలు వెళ్ళిపోయాయో ఏనాడూ ఎవరూ ఆలోచించలేదు. కోడలు కూడా ఆలోచించలేదు, ఇప్పుడు అబద్ధం ఎందుకు?

*

అత్తగారు అంత తేలిగ్గా ఇవ్వలేదు.

ముందర గదిలో టీవీకి ఎదురుగా వెన్ను వాల్చుకునే కుర్చీ ఒకటుంది, అది ఆవిడది. చేతిలో ఆట రిమోట్. దాని బొత్తాల మీది గుర్తులు ఎప్పుడో అరిగిపోయాయి, ఏ బొత్తాం ఏమిటో ఆవిడ బొటనవేళ్ళకే తెలియాలి. టీవీలో నది, నది ఒడ్డున రేవు, రేవు వెనక బొమ్మరిళ్ళలాంటి ఇళ్ళు. కోడలు కుర్చీ పక్కన నిలబడింది కానీ ఆమె చూపు టీవీ మీద లేదు, డబ్బాలో దిగి ఉన్న క్యాసెట్ మీదుంది.

"ఆఫీసుకా? ఎందుకు?"

"కాపీ తీస్తామత్తయ్యా. ఇంకెక్కడా లేదట ఇది. దీనికేమన్నా అయితే ఆ గేమే లోకంలో లేకుండా పోతుంది."

"దీనికేమవుతుంది? నా దగ్గర రాయిలా ఉంది."

"ఒక్కరోజు. పొద్దున తీసుకెళ్ళి సాయంత్రం తెచ్చేస్తా."

అత్తగారు పడవని రేవుకి కట్టేసి, సేవ్ చేసి, డబ్బా ఆపింది. క్యాసెట్ తీసి, గుడ్డలో చుట్టి, చేతికిస్తూ మళ్ళీ వెనక్కి లాక్కుంది.

"ఎవరూ ఆడకూడదు. నా రేవు నా రేవులాగే రావాలి. ఎవడైనా వేలు పెట్టాడంటే ఊరుకునేది లేదు."

"ఎవరాడతారత్తయ్యా? మాకు ఆడే తీరికెక్కడిది?" అని నవ్వింది కోడలు.

ఆమె మొగుడు అప్పుడే స్నానం చేసి తల తుడుచుకుంటూ వచ్చాడు. "అమ్మా, నన్ను నా పెళ్ళాంతో పంపేటప్పుడు కూడా ఇంత బెంగ పడలేదు నువ్వు," అన్నాడు.

"నీలో అంత పనితనమేముందిరా బెంగపడ్డానికి?" అంది అత్తగారు.

*

చేతికి అలవాటైన పని ఎంత చెడ్డదో కోడలికి ఆ రోజు తెలిసింది.

పొద్దున్నే బల్ల దగ్గర కూర్చుంది. ముందు అత్తగారి క్యాసెట్ చేసేద్దామనుకుంది. బ్రష్‌తో దులిపింది. మరలు విప్పింది. పలక మీద బ్యాటరీ అంచున తెల్లగా పొడిలాగా పేరుకుని ఉంది. కారడం మొదలైంది, ఇంకొన్నాళ్ళు ఆగితే పలక పాడయ్యేదే అనుకుంది. పక్క గదిలోంచి డైరెక్టరు "వచ్చిందామ్మా అది?" అని కేకేస్తే, "వచ్చిందండీ" అని తల అటు తిప్పి జవాబిచ్చింది. చేతులు మాత్రం వాటి పని అవి చేసుకుపోతున్నాయి. అతుకులు కరిగించే వేడి ఐరన్ మొన ఒక పక్క అతుకు మీద పెట్టింది, కరిగింది. రెండో పక్క పెట్టింది, కరిగింది. పట్టకారుతో బ్యాటరీని ఎత్తి సీసాలో వేసింది.

సీసాలో టంగుమంది. ఆ చప్పుడుకి కోడలు తల ఇటు తిప్పింది.

ఊడబీకే ముందు ఇంకో బ్యాటరీని తీగలతో పక్కన తగిలించి ఉంచితే గుర్తులు పోకుండా ఉంటాయి. ఆ ఉపాయం ఆమెకి తెలుసు. ఇంకా సులువుగా, ముందే యంత్రంలో గుచ్చి సేవ్‌ని కూడా కాపీ తీసి పెట్టుకోవచ్చు, అదీ తెలుసు. తెలిసినవన్నీ తెలిసినట్టే ఉన్నాయి, బ్యాటరీ మాత్రం సీసాలో ఉంది. సీసా బోర్లించి, ఆ బిళ్ళని వెతికి, మళ్ళీ పలక మీద ఆనించింది. ఎందుకో ఆమెకే తెలియదు. చచ్చినవాడి నోట్లో మందు పోసినట్టుంది.

క్యాసెట్‌ని యంత్రంలో గుచ్చి చూసింది. ఆట బ్రహ్మాండంగా ఉంది. సేవ్ ఉండాల్సిన చోట ఏమీ లేదు.

డైరెక్టరు వచ్చి తెర మీద పేరు చూసి చిన్నపిల్లాడిలా చప్పట్లు కొట్టాడు. "చూశావా, చూశావా! మొదటి ముద్రణే! ఇక ఇది ఎప్పటికీ పోదు!"

"డైరెక్టరుగారూ," అంది కోడలు. "లోపల ఆడినవాళ్ళ సేవ్‌లుంటాయి కదా. బ్యాటరీ తీసే ముందు అవి కూడా కాపీ తీసుకుంటే ఎలా ఉంటుంది?"

"ఎందుకమ్మా? పుస్తకం దాచుకుంటాం గానీ, చదివినవాడి వేలిముద్రలు దాచుకుంటామా?" ఆయన చాలా మంచివాడు, ఆ మాట కూడా మంచిగానే అన్నాడు. అని, ఫోన్ చేయాల్సినవాళ్ళందరికీ ఫోన్లు చేయడానికి వెళ్ళిపోయాడు.

*

సాయంత్రం గుమ్మంలోనే అత్తగారు చేయి చాపింది.

"ఇంకా అవలేదత్తయ్యా. చాలా పాతది కదా, జాగ్రత్తగా చేయాలన్నారు. రెండు మూడు రోజులు పడుతుందట."

అత్తగారు చాపిన చేయి వెనక్కి తీసుకుని కొంగుకి తుడుచుకుంది. "ఒక్కరోజన్నావు."

"నేనేం చేయనూ, డైరెక్టరుగారు అలాగన్నారు." పాపం, ఆ మంచాయన మీదికి నెట్టేసింది.

చెప్పేయాలనే వచ్చింది నిజానికి. బస్సులో మాటలన్నీ వరస పెట్టుకుంది కూడా. కానీ ఆ చాపిన చేయి చూశాక అబద్ధమే ముందుగా వచ్చేసింది. ఆవిడ తిడుతుందని కాదు. తిడితే పడొచ్చు. ఏమీ అనకుండా కూర్చుంటే ఏం చేయాలో కోడలికి తెలియదు, ఆ భయం.

మర్నాడు సెలవు పెట్టిన మొగుడు ఫోన్ చేశాడు. "అమ్మ టీవీ పెట్టకుండా టీవీ ఎదురుగా కూర్చుందే. బఠాణీలు వలుస్తోంది. ఇప్పటికే వలిచినవి మళ్ళీ చూసుకుంటోంది. ఆ క్యాసెట్ తొందరగా తెచ్చిపారేయి, లేకపోతే నన్ను వలిచేట్టుంది."

అప్పుడు తట్టింది కోడలికి ఆ ఆలోచన. పోయిన రేవుని తనే మళ్ళీ కట్టేస్తే? ఆట కాపీ తన కంప్యూటర్లో ఉంది. అందులో నాలుగింతల వేగంతో ఆడొచ్చు. ఆడి, సేవ్ చేసి, కొత్త బ్యాటరీ పెట్టి, ఆ సేవ్‌ని క్యాసెట్‌లోకి ఎక్కించవచ్చు. ఎవరికి తెలుస్తుంది? ఈ విద్య అంతా ఆమె చేతిలోదే.

ఒక్కటే చిక్కు. అత్తగారి రేవులో ఎవరున్నారో ఆమెకి తెలియదు. కాపురానికొచ్చి పదేళ్ళు దాటింది. రోజూ ఆ టీవీ ముందునుంచి వంటింట్లోకి, వంటింట్లోంచి వీధిలోకి తిరిగింది. ఒక్కరోజైనా ఆగి "అదేమిటి అత్తయ్యా" అని అడిగిన పాపాన పోలేదు. పొద్దస్తమానం లోకంలో వాళ్ళ గేములు కాపీ తీస్తూ కూర్చునే మనిషి, ఇంట్లో నడిచే గేమ్ ఏమిటో చూడలేదు. తన మీద తనకే అసహ్యం వేసింది.

*

"మా ఆఫీసులో రాసి పెడతారట అత్తయ్యా. ఇన్నేళ్ళు ఆడిన మనిషి కదా, ఎలా ఆడారో చెప్పమన్నారు." ఈ అబద్ధం ముందు దానికన్నా సులువుగా వచ్చింది.

అత్తగారు చేటలోని బఠాణీలు పక్కన పెట్టి కుర్చీలో సర్దుకు కూర్చుంది. "రాస్తారా? నిజంగానా? ఇందులో రాసేదేముందే?" అంటూనే మొదలుపెట్టింది. ఆపితే ఒట్టు.

ఆ ఆటలో నువ్వు పడవవాడివి. దారి వెంట మనుషులు వస్తారు. ఒక్కొక్కరికీ పేరు పెట్టి, రేవు దగ్గర ఇల్లివ్వాలి. పొద్దున వాళ్ళ గుమ్మం ముందు నిలబడితే బయటికొచ్చి పలకరిస్తారు. ఆవలి ఒడ్డున అడవి. ఎవర్నైనా పడవెక్కించి అటు దించితే, వాళ్ళు అక్కడే ఇల్లు కట్టుకుంటారు, మరి తిరిగి రారు. అందర్నీ దాటించి అటు ఊరు కట్టేస్తే ఆట గెలిచినట్టు.

"మరి మీరు గెలిచారా?"

"గెలవడమేంటి, అయిపోతుంది కదే! ఇంతమందిని చేరదీసి అటు తోలేయడమా? ఎవర్నీ పంపలేదు. అందరూ ఇటే ఉన్నారు."

పడవవాడి పేరు కెప్టెన్. అది మామగారు తనకి తాను పెట్టుకున్న పేరు. క్యాసెట్ కొన్నదీ ఆయనే, మొదట్లో తెలిసినవాళ్ళందర్నీ తలుచుకుని పేర్లు పెట్టిందీ ఆయనే. వీధి చివర ఎప్పుడూ అద్దాలు తుడుచుకునే మాస్టారికి సోడాబుడ్డి. ప్రతిదానికీ మూలిగే పొరుగాయనకి నసుగుడు. ఎవరింటికెళ్ళినా భోజనం వేళకే వెళ్ళే తన తమ్ముడికి గడియారం. ఆయన పోయాక కెప్టెన్‌ని నడిపేది అత్తగారే. "ఆయన చేత్తో కొట్టిన పేర్లు అలాగే ఉన్నాయి చూడు. ఫొటోల్లో కూడా ఆయన నవ్వడు. ఆ పేర్లు చూస్తే మాత్రం నవ్వుతూ కొట్టాడని తెలుస్తుంది."

కోడలు కాగితం మీద రేవు బొమ్మ గీసుకుంటోంది. ఎవరిల్లు ఎక్కడ, ఎవరి కంచె ఏ రంగు. ఆ మాట విన్నాక పెన్సిల్ కాసేపు కదల్లేదు.

"నేనెక్కడ అమ్మా?" అన్నాడు మొగుడు సోఫాలోంచి.

"కొట్టు వెనక. నీ పేరు మొద్దు. పగలంతా నిద్రపోతావు, నీ గుమ్మం ముందు గంట నిలబడ్డా బయటికి రావు."

"బాగుంది. మరి ఈవిడో?"

కోడలు తలెత్తింది. అడగాలనే ఉంది గానీ తనంతట తానడగడానికి నోరు రాలేదు. ఎప్పుడూ ఆగని నోరు.

అత్తగారు చేటలో బఠాణీలని అటూ ఇటూ కదిపింది. ఒకటి దొర్లి కింద పడింది, వంగి దాన్ని తీసింది. "తను లేకుండా ఎలా? ఉంది. మా పక్కిల్లే," అంది. "పేరు అమ్మాయి."

ఎన్నో ఏళ్ళుగా కాళ్ళకి అడ్డం వచ్చిందని విసుక్కున్న ఆ టీవీలో, రోజూ అత్తగారి పక్కింట్లో తను ఉంది. రోజూ పొద్దున గుమ్మంలోకొచ్చి పలకరిస్తోంది. దాన్నే తన చేత్తో పీకి సీసాలో వేసింది. కోడలు పాలు పొంగుతున్నాయని వంక పెట్టి వంటింట్లోకి వెళ్ళి, పొయ్యి కూడా వెలిగించకుండా కాసేపు నిలబడింది.

*

భోజనాల వేళ ఆఫీసులో అందరూ టిఫిన్ డబ్బాలు పట్టుకుని కింది గదికి పోతే, కోడలు తలుపు దగ్గరగా వేసుకుని రేవు కట్టేది. నాలుగింతల వేగంలో నది ఉరకలు వేసేది, మనుషులు చీమల్లా పరిగెత్తుకొచ్చేవారు. సోడాబుడ్డి. నసుగుడు. గడియారం. పేరు పెట్టిన ప్రతిసారీ మామగారు నవ్వుతూ కొట్టాడన్న మాట గుర్తొచ్చేది. తన మొహంలో నవ్వు లేదు, దొంగనోట్లు అచ్చువేసేవాడి కంగారు తప్ప. కాగితం చూసుకుంటూ కంచెలకి రంగులు వేసింది. మొద్దుని కొట్టు వెనక పెట్టింది. ఆఖర్న వచ్చిన మనిషికి అమ్మాయి అని పేరు పెట్టి, కెప్టెన్ ఇంటి పక్కనే ఇల్లిచ్చింది. ఆ పని మాత్రం వేగం తగ్గించి చేసింది.

డైరెక్టరు ఒకసారి తలుపు తోసి చూశాడు. "ఆడుతున్నావా? మంచిది, మంచిది! ఆడితేనే కదా కాపీ సరిగ్గా వచ్చిందీ లేనిదీ తెలిసేది." ఆయన గేమ్‌ని నెట్‌లో పెట్టేశాడు. ఎక్కడెక్కడి వాళ్ళో ఆడుతున్నారట, మెచ్చుకుంటూ రాస్తున్నారట. అవి చదివి వినిపిస్తుంటే కోడలు ఊ కొట్టింది.

బల్ల మీద ఆ వారం చేయాల్సిన క్యాసెట్లు అలాగే ఉన్నాయి. మధ్యలో ఒకటి విప్పింది, బ్యాటరీ కనబడింది. మూసేసి పక్కన పెట్టింది. ఇంకోటి విప్పింది, అదీ మూసేసింది. పీకడానికి చేతులు రాలేదు.

*

క్యాసెట్ ఇంటికి తెచ్చిన రోజు అత్తగారు ఆగలేకపోయింది. అప్పటికప్పుడు డబ్బాలో గుచ్చింది. టీవీలో రేవు వచ్చింది. కోడలు వంటింటి గుమ్మం పట్టుకుని నిలబడింది.

కెప్టెన్ రేవంతా ఒక చుట్టు తిరిగాడు. మాస్టారి ఇల్లు, కొట్టు, కంచెలు. పక్కింటి ముందుకొచ్చాక ఆగాడు. తలుపు తెరుచుకుని అమ్మాయి బయటికొచ్చింది. పలకరించింది. కెప్టెన్ కదల్లేదు.

"అన్నీ ఉన్నాయా అత్తయ్యా?"

చాలాసేపటికి, "ఉన్నాయి," అంది అత్తగారు. డబ్బా ఆపేసి లేచి వెళ్ళిపోయింది.

గండం గడిచిందనుకుంది కోడలు. కానీ ఆ మర్నాడూ, ఆ పై రోజూ ఇంట్లో గాలి బాగాలేదు. అత్తగారు కోడలి పళ్ళెంలో అడగకుండా ఇంకొంచెం వడ్డించేది. ఎప్పుడూ లేనిది, "అలిసిపోయావా?" అనేది. కళ్ళలోకి మాత్రం చూసేది కాదు. "మా అమ్మకేమైందే? నాతో కూడా మంచిగా మాట్లాడుతోంది, భయంగా ఉంది," అన్నాడు మొగుడు.

ఆదివారం మధ్యాహ్నం అతను బయటికెళ్ళాడు. కోడలు గిన్నెలు కడిగి, చేతులు తుడుచుకుని, ముందర గదిలోకొచ్చింది. అత్తగారు ఆడుతోంది. ఆడటం అంటే ఏం లేదు, పక్కింటి ముందు నిలబడి ఉంది. కోడలు స్టూలు లాక్కుని కుర్చీ పక్కన కూర్చుంది. అలా కూర్చోవడం ఇదే మొదలు.

ఇక ఉండబట్టలేదు. "అత్తయ్యా, అది మీ రేవు కాదు," అంది.

"తెలుసు."

కోడలు టీవీ వంకా, ఆవిడ వంకా చూసింది.

"మొదటిరోజే తెలిసింది," అంది అత్తగారు టీవీ మీంచి చూపు తిప్పకుండా. "పోయిందా నాది?"

"పోయింది. బ్యాటరీ పీకేశాను. రోజూ చేసే పనే కదా, చేయి అలా... డైరెక్టరు పిలిస్తే అటు చూస్తూ పీకేశాను. నేనే. ఆయన తప్పేం లేదు."

"ఏమీ మిగల్లేదా?"

"లేదు."

"ఆయన కొట్టిన పేర్లు కూడానా?"

"అవి నేను మళ్ళీ కొట్టినవత్తయ్యా."

అత్తగారు రిమోట్ ఒళ్ళో పెట్టుకుంది. పెదవులు బిగించింది. ఆ తర్వాత ఒక్కసారిగా విరుచుకుపడింది. "చెప్పొచ్చుగా! నోరు పడిపోయిందా? వీధిలో వాళ్ళందరి సంగతులూ చెప్తావే, ఇది చెప్పలేకపోయావా? కూర్చోబెట్టి నా చేత కథలన్నీ చెప్పించుకున్నావు, నేనేదో పెద్ద గొప్పదాన్నైనట్టు! రాస్తారట, రాస్తారు! పిచ్చిదానిలా వాగాను!" ఒళ్ళోని రిమోట్ పక్కన పడేసింది. "అందరివీ ఇలాగే పీకేస్తారా మీరు?"

"అందరివీ."

"దేవుడా," అని అత్తగారు కళ్ళు మూసుకుంది.

కోడలు ఏడుస్తోంది. ఏడుస్తూనే, పని తెలిసిన మనిషి కదా, ఒక అనుమానం మాత్రం వదలడం లేదు. "అన్నీ మీరు చెప్పినట్టే పెట్టాను. కంచె రంగులతో సహా. ఎలా తెలిసింది మీకు?"

అత్తగారి కోపం ఎటు పోయిందో పోయింది. కొంగు చివర వేలికి చుట్టుకుంది, విప్పింది.

"అందుకేగా నోరు మూసుకున్నాను. ఇది నాది కాదంటే, ఎలా తెలిసిందని అడుగుతావు," అంది. టీవీలో గుమ్మంలో నిలబడ్డ బొమ్మని గడ్డంతో చూపించింది. "నువ్వక్కడ లేవు."

"అంటే?"

"పక్కిల్లు నీది కాదు. అది ఖాళీ ఇల్లు. నిన్ను ఆవలికి దించేశాను. నువ్వొచ్చిన ఏడాదే. అమ్మాయని కూడా పెట్టలేదు పేరు. దొరసాని అని పెట్టాను. పెట్టి, పడవెక్కించి, అటు దించేసి వచ్చాను."

వంటింట్లో కొళాయి కింద గిన్నెలో నీళ్ళు చుక్కచుక్కగా పడుతున్నాయి. కోడలు సరిగ్గా కట్టినట్టు లేదు. లేచి కట్టాలనిపించింది గానీ లేవలేదు.

"ఎవర్నీ పంపలేదన్నారుగా."

"ఇంకెవర్నీ పంపలేదు. నిన్నొక్కదాన్నే." అత్తగారి గొంతు బాగా తగ్గిపోయింది. "తర్వాత బుద్ధొచ్చింది. వెనక్కి తెద్దామని ఎన్నిసార్లు పడవేసుకుని వెళ్ళానో. ఎక్కదు. అటు వెళ్ళినవాళ్ళు మరి ఎక్కరు కదా, ఆ పాడు ఆట అంతే. చీకటి పడితే ఆ అడవిలో ఒక్క దీపం వెలిగేది. ఒక్కదానివే ఉండేదానివి అక్కడ. రోజూ ఏటి మధ్యదాకా వెళ్ళి, ఆ దీపం చూసి, వెలిగిందిలే అనుకుని, వచ్చి డబ్బా ఆపేసేదాన్ని."

కోడలు టీవీ వంక చూసింది. తను వేగం తగ్గించి కట్టిన ఇల్లు. తను అబద్ధమాడి రాబట్టిన అబద్ధం. ఇన్నాళ్ళూ ఆ ముందర గదిలోంచి తను పళ్ళేలు పట్టుకుని తిరుగుతుంటే, ఆ కుర్చీలో ఈవిడ ఏటి మధ్య పడవ ఆపుకుని తన దీపం చూసేదన్నమాట. సిగ్గేసింది, కోపం వచ్చింది, జాలేసింది. ఏది ముందో తెలియలేదు. చివరికి కోపమే నోట్లోకి వచ్చింది.

"ఎందుకు పంపారత్తయ్యా? అంత పని నేనేం చేశాను?"

అత్తగారు మొహం ఆమె వైపు తిప్పింది. ఈ నాలుగు రోజుల్లో కళ్ళలోకి చూడటం అదే మొదలు. చెప్పడానికి నోరు తెరిచి ఆగింది. ఆలోచించింది. తప్పించుకోవడానికి కాదు, నిజంగానే వెతుక్కుంటోందని ఆ నొసలు చూస్తే తెలుస్తోంది. ఏదో ఒక కారణం చెప్తే బాగుండు, అది ఎంత చెడ్డదైనా సరే, దెబ్బలాడుకోవడానికైనా ఉంటుంది అనుకుంటూ కోడలు ఎదురుచూసింది.

"గుర్తు లేదే," అంది అత్తగారు. బెదిరిపోయినట్టు మళ్ళీ అంది. "ఎంత ఆలోచించినా గుర్తు రావడం లేదే అమ్మాయ్."